బొటనవేలి గుంటను ఒక్కసారి నొక్కి చూడండి: ప్రకాశం, నెల్లూరు జిల్లాల ఎముకల వైద్యులకు, ఆరోగ్య శాఖ అధికారులకు బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా,

నమస్కారం. నేను వైద్యుణ్ణి కాను. కొండపి ప్రాంతంలోని ప్రభుత్వ ఉన్నత పాఠశాలల్లో ముప్పై ఏళ్లకు పైగా వ్యాయామోపాధ్యాయుడిగా పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నవాణ్ణి. కబడ్డీ కోర్టులో పిల్ల పడినా, ఖోఖో మైదానంలో పిల్లాడు పడినా మొదట పరుగెత్తి చేయి పట్టుకుని చూసింది నేనే కాబట్టి, ఎలా పడితే ఏ ఎముకకు దెబ్బ తగులుతుందో కొంత తెలుసుననే అనుకునేవాణ్ణి. సొంత తమ్ముడి చేతి దగ్గరికి వచ్చేసరికి ఆ తెలివి పనికిరాలేదు. మణికట్టులోని స్కఫాయిడ్ అనే చిన్న ఎముక విరిగినా, బెణుకని చెప్పి అతన్ని ఇంటికి పంపేశారు. ఆ సంగతి మీద ఇప్పటికి రెండు అర్జీలు పెట్టాను. రెండుసార్లూ రసీదు చేతికి వచ్చింది, జవాబు మాత్రం రాలేదు. అందువల్ల ఈ లేఖను అందరూ చదివేలా రాస్తున్నాను. ఏ ఆస్పత్రి, ఏ డాక్టరు అనే వివరాలు ఇందులో ఉండవు. ఒక మనిషిని దోషిగా నిలబెట్టడానికి నేను రాయడం లేదు.

జరిగినది ఇది. మా తమ్ముడు చీమకుర్తిలో ఒక గ్రానైటు క్వారీలో డ్రిల్లు పని చేసేవాడు. మూడేళ్ల కిందట, రాత్రి వాన కురిసి వెలిసిన ఒక ఉదయం, రాతి బ్లాకు మీద నుంచి దిగుతూ కాలు జారి, కుడి అరచేతిని ఊతంగా ఆనించి పడ్డాడు. మణికట్టు బొటనవేలి వైపు కొద్దిగా వాచింది. చేయి వంకర పోలేదు, వేళ్లన్నీ కదిలాయి, చూసినవాళ్లెవరికీ అది పెద్ద దెబ్బలా అనిపించలేదు. సాయంత్రం ఆస్పత్రికి తీసుకువెళ్తే రెండు ఎక్స్‌రేలు తీసి, వెలుతురుకు పట్టి చూసి, ఎముకకు ఏమీ కాలేదని, బెణికిందని, వారంలో సర్దుకుంటుందని చెప్పి, నొప్పి మాత్రలు, క్రేప్ బ్యాండేజీ ఇచ్చి పంపించారు. బొటనవేలి మొదట్లో వేలు పెట్టి నొక్కినవాళ్లు లేరు. మళ్లీ ఫలానా రోజున రమ్మని చెప్పినవాళ్లూ లేరు. ఎముక విరగలేదన్న మాటకు మేము సంతోషపడి, దారిలో ఆగి టీ తాగి ఇంటికి వచ్చాము. ఆ టీ సంగతి ఇప్పటికీ మా ఇంట్లో ఎత్తుకుంటూ ఉంటారు.

ఐదో రోజున అతను మళ్లీ క్వారీకి వెళ్లాడు. మేస్త్రీ దగ్గర తీసుకున్న అడ్వాన్సు బాకీ ఉంది, ఇంట్లో ఇద్దరు పిల్లలున్నారు. డ్రిల్లు అదురుకు చేయి లాగేస్తుంటే ఒక నాటుకట్టు దగ్గరికి వెళ్లాడు. అక్కడ తైలంతో మర్దన చేసి, వెదురు బద్దలు పెట్టి కట్టారు. రెండు నెలలకు నొప్పి తగ్గినట్టే తగ్గింది. ఈ ఎముక చేసే మోసం అదేనని తర్వాత తెలిసింది. పదకొండో నెలలో తడి తువ్వాలు పిండలేకపోయాడు. అప్పుడు తీసిన ఎక్స్‌రేలో ఎముక రెండు ముక్కలుగా, ఆ ముక్కల అంచులు తెల్లగా గట్టిపడి, మధ్యలో సందుతో కనిపించింది. తుంటి దగ్గర నుంచి ఎముక ముక్క తీసి ఆ సందులో నింపి, స్క్రూ బిగించి, మళ్లీ మూడు నెలలు సిమెంటు కట్టు వేశారు. ఎముక అతికింది కానీ మణికట్టు మునుపటిలా వెనక్కి వంగదు. డ్రిల్లు పట్టినప్పుడు నెలకు ఇరవై వేల దాకా తెచ్చినవాడు ఇప్పుడు అదే క్వారీ గేటు దగ్గర తొమ్మిది వేలకు కాపలా ఉంటున్నాడు. వయసు ముప్పై నాలుగు.

ఆపరేషన్ చేసిన వైద్యుడు ఓపికగా కూర్చోబెట్టి ఓపీ చీటీ వెనుక బొమ్మ గీసి చూపించారు. మణికట్టులో ఎనిమిది చిన్న ఎముకలుంటాయి. వాటిలో బొటనవేలి వైపు పడవ ఆకారంలో ఉండే ఎముక పేరు స్కఫాయిడ్. గ్రీకు భాషలో పడవ అనే మాట నుంచే ఆ పేరు వచ్చిందట. ఈ ఎనిమిదింటిలో విరిగే ఎముకలను లెక్కిస్తే సగానికి పైగా ఇదే ఉంటుంది, విరగ్గొట్టుకునేవాళ్లలో ఎక్కువమంది కష్టం చేసుకునే వయసులోని మగవాళ్లే ఉంటారు. జీడిపప్పు కంటే కొంచెం పెద్దగా ఉండే ఈ ఎముక మీదే మణికట్టు కదలిక చాలా వరకు ఆధారపడి ఉంటుంది.

దీనికి రక్తం అందే తీరు విచిత్రమైనది. రైతు కుటుంబంలో పుట్టిన నాకు ఆ వివరణ కాలువ భాషలోనే అర్థమైంది. ఈ ఎముకకు రక్తం తెచ్చే నాళాలు ఎక్కువగా వేళ్ల వైపున, ఎముక వీపు భాగం నుంచి ప్రవేశించి, అక్కడి నుంచి వెనక్కి, మోచేతి వైపుకు పారతాయి. ఎముకలో 70 నుంచి 80 శాతం వరకు ఆ పారకం మీదే బతుకుతుంది. ఎముక నడుము దగ్గర, అంటే దాని మధ్య భాగంలో తెగితే మోచేతి వైపు ఉండే వెనుక ముక్క పరిస్థితి సాగర్ కుడికాలువ చివరి ఆయకట్టు పొలంలా అవుతుంది. పైన గండి పడితే మొదట ఎండేది చివరి మడే. రక్తం అందక ఆ ముక్క చచ్చిపోవచ్చు. అది జరగకపోయినా, రెండు ముక్కలు ఒకదానిమీద ఒకటి కదులుతూ ఉంటే కొత్త ఎముక పేరుకునే అవకాశం ఉండదు. అందుకే ఈ ఎముకకు కదలకుండా ఉంచడమే ప్రధాన వైద్యం, కట్టు వేసేది అందుకే. మాత్ర మింగి పని చేసుకునే రకం జబ్బు ఇది కాదు.

ఇక మీ ముందు పెట్టదలచిన అంశాలు ఇవి.

1. మొదటి పరీక్ష గురించి. బొటనవేలిని పైకెత్తి చాపితే దాని మొదట్లో రెండు నరాల్లాంటి తాళ్ల మధ్య చిన్న గుంట ఏర్పడుతుంది. వైద్య పుస్తకాల్లో దానిని ముక్కుపొడుం డబ్బా అనే అర్థం వచ్చే పేరుతో పిలుస్తారట. పూర్వం పొడుం పట్టును అక్కడే పోసుకుని పీల్చేవారు కాబట్టి ఆ పేరు వచ్చింది. పొగాకు పండించే మా ప్రాంతంలో మా తాత సరిగ్గా ఆ గుంటలోనే పొడుం పోసుకోవడం నేను చిన్నప్పుడు చూశాను. ఆ గుంట కిందే స్కఫాయిడ్ ఉంటుంది. చేయి ఊతంగా పెట్టి పడిన మనిషికి అక్కడ నొక్కితే నొప్పి ఉన్నా, అరచేతి వైపు బొటనవేలి మూలంలోని బొడిపె మీద నొక్కితే నొప్పి ఉన్నా, బొటనవేలిని పొడవు వెంట లోపలికి నెట్టితే నొప్పి ఉన్నా, ఎక్స్‌రే ఏమి చెప్పినా ఆ ఎముకను అనుమానించాలని మీ చదువే చెబుతుంది. దీనికి యంత్రం అక్కర్లేదు, డబ్బు అక్కర్లేదు, అర నిమిషం చాలు. క్యాజువాలిటీలో రాత్రి డ్యూటీలో ఒక్కరే ఉండి నలభై మందిని చూస్తున్నారని నాకు తెలుసు. అయినా ఆ అర నిమిషాన్నే అడుగుతున్నాను. మణికట్టు దెబ్బతో వచ్చిన ప్రతి మనిషి చీటీ మీద ఆ గుంటను నొక్కి చూశారా, నొప్పి ఉందా లేదా అన్న ఒక్క వాక్యం తప్పనిసరిగా రాసే నియమం పెట్టండి.

2. ఎక్స్‌రే గురించి. ఈ ఎముక పగులు మొదటి రోజు ఎక్స్‌రేలో పదిమందిలో ఒకరిద్దరికి కనిపించకపోవచ్చు. మామూలుగా తీసే రెండు బొమ్మల్లో ఎముక వంగి పడుకున్నట్టు ఉండడం వల్ల పగులు దాక్కుంటుంది. చేతిని చిటికెన వేలి వైపు తిప్పి, స్కఫాయిడ్ కోసమే ప్రత్యేకంగా తీసే భంగిమలు ఉన్నాయి. అడిగితే టెక్నీషియన్లు తీస్తారు, అడిగేవారు ఉండాలి. పది నుంచి పద్నాలుగు రోజుల తర్వాత పగులు అంచుల దగ్గర ఎముక కొద్దిగా కరిగి గీత తేలుతుంది కాబట్టి అప్పుడు మళ్లీ తీయడం పాత పద్ధతి. ఎంఆర్ఐ ఉన్నచోట రోజుల్లోనే తేల్చవచ్చు. ప్రతి బెణుకుకూ ఎంఆర్ఐ తీయమని నేను అడగడం లేదు, అది మా బోటివాళ్లకు అందేదీ కాదు. అనుమానం ఉన్నవాడికి కట్టు వేసి, రెండో ఎక్స్‌రే తేదీ అంకెల్లో రాసి ఇవ్వమనే అడుగుతున్నాను. "నొప్పి ఉంటే రండి" అన్న మాటను మా వాళ్లు "రానక్కర్లేదు" అని అర్థం చేసుకుంటారు. రోజు కూలి పోగొట్టుకుని, పామూరు నుంచో సీఎస్‌పురం నుంచో ఒంగోలుకు, ఉదయగిరి నుంచో వరికుంటపాడు నుంచో నెల్లూరుకు బస్సెక్కి రావడానికి మనిషికి నొప్పి ఒక్కటే చాలదు, ఒక తేదీ కావాలి. రెండో ఎక్స్‌రేకు వచ్చినవాడిని మళ్లీ ఓపీ వరుసలో మొదటి నుంచి నిలబెట్టకుండా, పాత చీటీ చూపిస్తే నేరుగా పంపించే ఏర్పాటు కూడా చేయండి.

3. "బెణుకు" అనే ఒక్క మాట వల్ల జరిగే నష్టం గురించి. ఇది వైద్యానికి సంబంధించిన సంగతి మాత్రమే కాదు. పనిలో దెబ్బ తగిలి మూడు రోజులకు మించి పని చేయలేకపోతే యజమాని పరిహారం చెల్లించాలన్న నియమం ఈ దేశంలో 1923 నాటి చట్టం నుంచి ఉంది. తాత్కాలికంగా పని చేయలేని కాలానికి, లెక్కలోకి తీసుకునే నెల వేతనంలో 25 శాతాన్ని పదిహేను రోజులకొకసారి ఇవ్వాలి. గ్రానైటు పాలిషింగ్ ఫ్యాక్టరీలో ఈఎస్‌ఐ ఉన్న కార్మికుడికైతే పని ప్రమాదం వల్ల వచ్చిన తాత్కాలిక అశక్తతకు రోజు వేతనంలో 90 శాతం అందుతుంది. వీటన్నిటికీ మూలం మీ చీటీ. ఆ చీటీ మీద బెణుకు అని, వారం విశ్రాంతి అని ఉంటే, ఎనిమిదో రోజు నుంచి ఆ కార్మికుడు చట్టం దృష్టిలో ఆరోగ్యవంతుడు. పదకొండు నెలల తర్వాత ఎముక విరిగిందని తేలినా, అది ఆ రోజు క్వారీలో పడినందువల్లేనని రుజువు చేసే కాగితం అతని దగ్గర ఉండదు. మా తమ్ముడి విషయంలో జరిగింది అదే. యాజమాన్యం మర్యాదగానే మాట్లాడింది, మొదటి చీటీ తెచ్చి చూపించమంది. చూపించాము. దానితో మాట ఆగిపోయింది. తేలనప్పుడు "స్కఫాయిడ్ విరిగినట్టు అనుమానం, రెండు వారాల్లో మళ్లీ చూడాలి" అని రాయడంలో వైద్యుడికి పోయేది ఏమీ లేదు, కూలీకి మాత్రం ఆ వాక్యం మీదే మూడు నెలల బియ్యం ఆధారపడి ఉంటాయి.

4. కట్టు గురించి, అందులోనూ బొటనవేలి గురించి. దీనిమీద కొంచెం వివరంగా రాయవలసి ఉంది. మోచేతి కింద నుంచి మొదలుపెట్టి, చేతిలో గ్లాసు పట్టుకున్న భంగిమలో బొటనవేలిని కూడా కలిపి, మిగిలిన నాలుగు వేళ్లు స్వేచ్ఛగా కదిలేలా వేసే సిమెంటు కట్టు ఈ ఎముకకు చాలాకాలంగా వాడుకలో ఉన్నది. ఎముక పక్కకు జరగకుండా నడుము దగ్గర పగిలితే ఎనిమిది నుంచి పన్నెండు వారాలు, వేళ్ల వైపు కొస దగ్గర పగిలితే నాలుగు నుంచి ఆరు వారాలు కట్టు అవసరమవుతుంది. మోచేతి వైపు కొస విరిగినప్పుడు, ముక్కలు బాగా జరిగినప్పుడు ఆపరేషన్ వైపు మొగ్గుతారు. బొటనవేలిని కలపడం నిజంగా అవసరమా అనే ప్రశ్న మీ వృత్తిలోనే చాలాకాలంగా ఉంది. 1991లో బ్రిటన్‌లో వెలువడిన ఒక పరిశోధనలో, బొటనవేలిని కలిపిన కట్టునూ కలపని కట్టునూ చీట్లు తీసి పంచినట్టు రోగులకు వేసి, 292 విరుగుళ్లను ఆరు నెలల పాటు గమనిస్తే, అతకనివి రెండు పక్షాలలోనూ పది శాతం దగ్గరే తేలాయి. నేను దీనిని మీకు పాఠం చెప్పడానికి ఎత్తలేదు. బొటనవేలు కట్టులో ఉందా లేదా అన్నది మా ఇళ్లలో ఎంత తేడా తెస్తుందో చెప్పడానికి ఎత్తాను.

నా దగ్గర చదివిన పదో తరగతి అమ్మాయి ఒకరు జనవరిలో కబడ్డీ ఆడుతూ కుడి చేతి మీద పడింది. మా తమ్ముడి అనుభవం అప్పటికే ఉంది కాబట్టి నేను వదిలిపెట్టలేదు. మొదటి ఎక్స్‌రేలో ఏమీ లేదు. పన్నెండో రోజు తీసిన దానిలో నడుము దగ్గర వెంట్రుకంత గీత కనిపించింది. మార్చిలో పరీక్షలు. ఆ వైద్యుడు ఆలోచించి బొటనవేలిని వదిలేసి కట్టు వేశారు. కట్టు ఉన్నంతకాలం ఆ పిల్ల దానితోనే, పెన్ను చుట్టూ గుడ్డ చుట్టి లావు చేసుకుని, రోజూ ఇంట్లో రాయడం అలవాటు చేసుకుంది. కట్టు తీసిన వారానికి పరీక్షలు రాసింది. ఎముక అతికింది. అదే బొటనవేలు కట్టులో ఉంటే ఆ రెండు నెలలూ రాత లేక ఆ సంవత్సరం పోయేదని ఆమె తల్లి ఇప్పటికీ అంటుంది. అందరికీ బొటనవేలిని వదిలేయమని నేను అనను, ఏది ఎవరికి సరిపోతుందో మీరే నిర్ణయించాలి. ఆ నిర్ణయానికి ముందు "నువ్వు ఏం పని చేస్తావు, ఏ చేత్తో చేస్తావు, ఇంట్లో ఇంకెవరున్నారు" అని అడగండి. పరీక్షల కాలంలో కట్టు పడిన పిల్లలకు రాసిపెట్టే సహాయకుణ్ణి కోరుకునేందుకు కావలసిన ధ్రువపత్రాన్ని అడగకముందే ఇవ్వండి.

5. కట్టును నిలుపుకోవడం గురించి. కొండపి వైపు పొగాకు బ్యారన్‌లో, అంటే పొగాకును వేడితో ఆరబెట్టే కొట్టంలో, ఆకు కర్రలు పైకి అందిస్తూ జారిపడిన ఒకామెకు సరైన కట్టే వేశారు. మూడో వారంలో ఆమె దానిని నీళ్లలో నానబెట్టి కత్తిపీటతో కోసి తీసేసింది. ఆస్పత్రిలో ఆమెను గట్టిగా కోప్పడ్డారని విన్నాను. ఆమెకు రెండు గేదెలు, మంచంలో అత్త, బ్యారన్లు మండుతున్న కాలం. కట్టు ఎంతకాలం ఉంచాలో చెప్పారు, ఎందుకు ఉంచాలో చెప్పలేదు. మూడో వారానికి నొప్పి పోయింది కాబట్టి ఎముక అతికిందని ఆమె అనుకుంది. చదువుకున్నవాడు కూడా అలాగే అనుకుంటాడు. నొప్పి పోవడానికీ ఎముక అతకడానికీ సంబంధం లేదని, మధ్యలో తీస్తే లోపలి ముక్కకు రక్తం అందదని, అతకకపోతే కొన్నేళ్లలో కీలు అరిగిపోయి మణికట్టంతా కూలబడుతుందని తెలుగులో, పెద్ద అక్షరాలతో ఒక చీటీ అచ్చువేసి ప్రతి కట్టుతోపాటు ఇవ్వండి. వేళ్లు ఉబ్బినా, నీలంగా మారినా, తిమ్మిరెక్కినా, కట్టు లోపల నొప్పి గంటగంటకూ పెరిగినా ఆ రాత్రే రావాలని అందులో రాయండి. తడవకుండా చూసుకోవాలని, దురదకు చీపురుపుల్ల దూర్చకూడదని, బయట ఉన్న వేళ్లను, మోచేతిని, భుజాన్ని రోజూ కదిలించాలని రాయండి. చుట్ట, బీడీ, సిగరెట్ తాగేవారిలో ఈ ఎముక అతకడం కష్టమవుతుందని కూడా రాయండి. పొగాకు మీద బతికే మేమే దీన్ని అడగడం వింతగా ఉంటుందని తెలుసు, అయినా రాయండి.

6. విశ్రాంతి ఖర్చు గురించి. పది వారాల కట్టు అంటే కూలీకి పది వారాల ఆదాయం లేకపోవడం. ఆస్పత్రి బిల్లు వేలల్లోనే ఉండవచ్చు, పోయిన కూలి మాత్రం అంతకు ఎన్నో రెట్లు ఉంటుంది. చికిత్స తర్వాత కోలుకునే కాలానికి రోజుకు 225 రూపాయల చొప్పున, నెలకు 5,000 రూపాయలు మించకుండా ఇచ్చే ఆరోగ్య ఆసరాను ఈ రాష్ట్రంలో 2019 డిసెంబరులో మొదలుపెట్టారు. మనిషి కోలుకోవడానికి మందుతోపాటు తిండి కూడా కావాలని ప్రభుత్వమే ఒప్పుకున్న సందర్భం అది. ఆస్పత్రిలో చేరకుండా, కత్తి తగలకుండా, కట్టుతోనే ఇంటికి వచ్చిన కూలీకి కూడా అటువంటి సాయం అందేలా మీరు పైకి సిఫారసు పంపాలని కోరుతున్నాను. ఆపరేషన్ చేయించుకున్నవాడికి సాయం ఉండి, కట్టుతో కూర్చున్నవాడికి లేకపోతే మనమే మనిషిని కత్తి వైపు నెట్టినట్టవుతుంది.

7. ఆపరేషన్ తొందర గురించి ఒక మాట. ఒకవైపు బెణుకని పంపేసేవారు ఉంటే, మరోవైపు పగులు కనిపించగానే స్క్రూ వేద్దామనేవారు ఉన్నారు. ఇంగ్లండ్, వేల్స్‌లలోని 31 ఆస్పత్రుల్లో 439 మంది పెద్దలపై జరిపి 2020లో ప్రకటించిన పరిశోధనలో, నడుము భాగం విరిగి ముక్కలు రెండు మిల్లీమీటర్లకు మించి జరగనివారికి ముందే స్క్రూ వేసినా, ముందు కట్టు వేసి అతకనివారికి మాత్రమే ఆపరేషన్ చేసినా, ఏడాది తర్వాత చేతి పనితీరులో చెప్పుకోదగ్గ తేడా కనబడలేదు. కట్టు పేదవాడికి సర్దిపెట్టే తక్కువరకం వైద్యం కాదని దీనివల్ల తెలుస్తోంది. అయితే అందులో ఒక షరతు ఉంది. అతకనిదాన్ని వెంటనే పట్టుకోవాలి, పట్టుకోవాలంటే మనిషి మళ్లీ మీ దగ్గరకు రావాలి. మళ్లీ రెండో అంశానికే వచ్చాను చూడండి. ఏ దారిన పోయినా ఆ తేదీ దగ్గరే తేలుతున్నాను.

8. నాటుకట్టు గురించి. ఈ పేరు ఎత్తితే మీలో చాలామందికి కోపం వస్తుందని తెలుసు, నాకూ వచ్చింది. విరిగిన స్కఫాయిడ్ మీద తైలం పోసి మర్దన చేయడం ప్రమాదమని నేను ఊరూరా చెబుతూనే ఉన్నాను. కానీ మా తమ్ముడు అక్కడికి ఎందుకు వెళ్లాడో కూడా వినండి. అక్కడ ఆ మనిషి చేయి తన చేతుల్లోకి తీసుకుని వేలితో నొక్కుతూ ఎక్కడ నొప్పి అని అడిగాడు. వచ్చే ఆదివారం కట్టు మార్చాలి రమ్మన్నాడు. ఆదివారం వెళ్తే పేరు పెట్టి పిలిచాడు. మొదటి ఆస్పత్రిలో జరగనివి ఈ మూడే. మణికట్టు, మోచేయి, తుంటి దెబ్బలకు ముందు ఎక్స్‌రే తీయించుకుని రమ్మని పంపేలా కట్టు కట్టేవారితో మండల స్థాయిలో కూర్చుని మాట్లాడండి. బోర్డులు పీకించినంత మాత్రాన జనం మీ దగ్గరకు రారు.

9. ఊళ్లలో తెలియజేయడం గురించి. పీహెచ్‌సీ నర్సులకు, ఏఎన్ఎంలకు, ఆశా కార్యకర్తలకు, 108 సిబ్బందికి, పాఠశాలల వ్యాయామోపాధ్యాయులకు ఈ ఒక్క పరీక్ష నేర్పండి. గంట పని. పాఠశాలల్లో నేర్పడానికి నేను నా ఖర్చుతో వస్తాను. కట్టు వేసుకుని ఇంటికి వెళ్లినవారి పేర్లు వారి ఊరి ఆశా కార్యకర్తకు చేరితే, పన్నెండో రోజున తలుపు తట్టే మనిషి ఉంటుంది.

ఈ తొమ్మిదింటిలో ఆరోది తప్ప మిగిలినవాటికి కొత్త బడ్జెట్టు, కొత్త భవనం అవసరం లేదు. మొదటి రెండూ రేపు ఉదయం ఓపీ నుంచే మొదలుపెట్టవచ్చు. వాటికి ఒక సర్క్యులర్ చాలు.

ఈ లేఖ ప్రతులను రెండు జిల్లాల వైద్యారోగ్య అధికారులకు, ప్రభుత్వ ఆస్పత్రుల సూపరింటెండెంట్లకు రిజిస్టర్డ్ పోస్టులో పంపాను. నా పాత అర్జీల రసీదుల నకళ్లు, మా తమ్ముడి మూడు ఎక్స్‌రేల ఫొటోలు వాటికి జతచేశాను. మొదటి ఎక్స్‌రేను దయచేసి మీలో ఒకరు మళ్లీ చూడండి. పగులు అందులో ఉందో లేదో నాకు ఇప్పటికీ ఎవరూ చెప్పలేదు. సంక్రాంతి తర్వాత బ్యారన్లు వెలుగుతాయి, కర్రలు ఎక్కించే పని మొదలవుతుంది. ఆలోపు మొదటి రెండు అంశాల మీద లిఖితపూర్వకంగా జవాబు ఇవ్వాలని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక విశ్రాంత వ్యాయామోపాధ్యాయుడు,
కొండపి ప్రాంతం, ప్రకాశం జిల్లా